నాగలి తాకని విందు



నేటి నా ప్రసంగము వంటను గూర్చినది. నలభీమపాకమను మాట మన భాషలో నున్నంత కాలము, పంతులుగారికి వంటింటితో నేమి పని యని ఎవ్వరును అడుగరని నా ధైర్యము. నేను చెప్పబోవు విందులో వరియన్నము లేదు. రొట్టె లేదు, సంగటి లేదు, పప్పు లేదు, పెరుగు లేదు, చక్కెరగాని బెల్లముగాని లేదు. ఇన్ని లేనప్పుడు ఇక మిగిలిన దేమని మీరు రేడియో కట్టివేయకుడు. వసంతకాలమున నంద్యాల కూరగాయల సంతకు ఒక్క ఉదయము పోయి వచ్చిన వారికి మిగిలిన దెంతయో తెలియును.

మొదట మా ఊరి సంగతి చెప్పవలెను. నంద్యాల వరి యన్నమునకు పెట్టినది పేరు. తుంగభద్రపై సుంకేసుల కడ పుట్టి కడప వఱకు సాగు కాలువను 19వ శతాబ్దమున ఒక ఆంగ్లేయ కంపెనీ త్రవ్వించినది. 1882లో ప్రభుత్వము దానిని కొనినది. ఆ నీటితో ఈ ప్రాంతపు నల్లరేగడి వరిమడియైనది. అంతకు ముందు జొన్న, కొఱ్ఱ ఇక్కడి వారి ప్రధానాహారములు. 1983లో కిలో రెండు రూపాయల బియ్యము వచ్చిన పిదప కాలువ నీరెఱుగని మెట్ట గ్రామములలోను మూడు పూటల వరియన్నము నిలిచినది. ఆకలి తీఱినది, అది చిన్న మేలు కాదు. కాని నేడు మా వీథిలో ఏ యింటి తలుపు తట్టినను మధుమేహపు మాత్రలు వాడువారు ఒక్కరైనను కనబడుచున్నారు. మా యిల్లు దీనికి వేఱు కాదు. నా సహధర్మచారిణికి ఆ వ్యాధి సంక్రమించి కొన్ని యేండ్లైనది. రాత్రిపూట అన్నము మానుమని వైద్యుడు చెప్పెను.

చెప్పుట సులభము. నాలుగు దశాబ్దములు ఇంటిల్లిపాదికి అన్నము వడ్డించిన ఇల్లాలు, మేమందఱము విస్తళ్ళ ముందు కూర్చుండగా, తాను వంటింటి గడపకడ ఒక గిన్నెలో ఉడికిన కూరముక్కలు పెట్టుకొని తినసాగినది. ఒకే పంక్తిలో ఒకరికొకటి, మఱొకరికొకటి వడ్డించుటను మన పెద్దలు పంక్తిభేదమని నిషేధించిరి. ఆ నిషేధము ధనిక దరిద్ర భేదము పాటింపకుండుటకు పుట్టినదని నా తలంపు. మా యింట వ్యాధి ఆ భేదమును తెచ్చినది. రోగికి పథ్యము వండుట ఎల్లరు నెఱిగినదే. పథ్యమని తెలియకుండ అందఱును ఇష్టముగా తినదగిన భోజనమును వండుట వేఱు విద్య. నేటి ప్రసంగము ఆ విద్యను గూర్చినది.

ఇక్కడ వ్యాకరణము తెలిసిన వాని అలవాటు చొప్పున ఒక మాట చెప్పి సాగెదను. అన్నము లేని భోజనము భోజనమా యని అడుగువారు ఆ శబ్దము పుట్టుక నెఱుగవలెను. 'అద్' అను ధాతువునకు తినుట యని యర్థము. తినబడునది అన్నము, అంతియే. వరియని ఆ ధాతువులో నెక్కడను లేదు. క్త ప్రత్యయము చేరినపుడు ఆ ధాతువు 'జగ్ధ' మగునని పాణిని విధించియు, తన సూత్రములలోనే అన్న శబ్దమును వాడినాడు. లోకములో రూఢమైన మాటను సూత్రకారుడును కాదనలేకపోయెను. మనము ఆ విశాలమైన మాటను కుదించి ఒక్క గింజకు కట్టిపెట్టినాము. చిత్రమేమన, కొరియా దేశీయులును అట్లే చేసిరి. వారి భాషలో 'బాప్' అనగా వండిన వరియన్నము. భోజనమన్నను 'బాప్' అనియే. ఈ పోలిక మా కుమారుడు చెప్పగా విని నేనెంతయో సంతోషించితిని.

మా కుమారుని ప్రసక్తి వచ్చినది గనుక చెప్పెదను. అతడు పెనుకొండ చెంత ఉద్యోగము చేయుచున్నాడు. అక్కడ 2019లో కొరియావారి కియా కార్ల కర్మాగారము ఉత్పత్తి నారంభించినది. నాటినుండి కొరియా కుటుంబములు రాయలసీమకు కాపురము వచ్చినవి. వారితో వారి వంటయు వచ్చినది. మా కుమార్తె అమెరికాలోని లూయిజియానా రాష్ట్రమున న్యూ ఆర్లియన్స్ నగరమున నున్నది. అక్కడివారు తమ వంటను క్రియోల్ వంట యందురు. ఉగాదికి ఇరువురును ఇంటికి వచ్చినపుడు తల్లి గడపకడ కూర్చుండి తినుట చూచిరి. "అమ్మకు వేఱే వండవద్దు నాన్నా, అమ్మ తినగలిగినదే మనమందఱము తిందాము" అని కుమార్తె పట్టుపట్టినది. ఆ పట్టు నుండి ఈ విందు పుట్టినది.

ఇక దీని పేరు. పాశ్చాత్య దేశములలో 'పేలియో' యను భోజన విధాన మొకటి కలదు. పాతరాతియుగపు మనుష్యుడు వ్యవసాయ మెఱుగడు. వేటాడి, ఏఱుకొని తినెను. మన దేహములు ఆ భోజనమునకే అమరియున్నవి. కావున ధాన్యములు, పప్పులు, పాలు, చక్కెర విడువవలెనని ఆ మతస్థుల వాదము. 1975లో వోగ్ట్లిన్ అను వైద్యుడు దీనిపై గ్రంథము వ్రాసెను. 1985లో ఈటన్, కానర్ అను ఇరువురు ఒక ప్రసిద్ధ వైద్యపత్రికలో దీనిని చర్చించిరి. 2002లో కార్డైన్ అను ఆచార్యుని పుస్తకముతో జనసామాన్యమున వ్యాపించినది.

ఆదిమానవుని వెదకుటకు మనము విదేశములకు పోనక్కఱలేదు. మా జిల్లాలోనే బనగానపల్లెకు సమీపమున జుఱ్ఱేరు లోయలో జ్వాలాపురమను గ్రామము కలదు. సుమారు 74,000 సంవత్సరముల క్రిందట సుమత్రా ద్వీపమున తోబా అగ్నిపర్వతము బ్రద్దలైనపుడు ఎగసిన బూడిద అక్కడ నేటికిని తెల్లని పొరగా నున్నది. ఆ పొరకు క్రిందను, పైనను మనుష్యులు చేసిన రాతి పనిముట్లు దొరకినవి. రవి కొరిసెట్టర్, పెట్రాగ్లియా మొదలగు పరిశోధకులు ఈ సంగతిని 2007లో ప్రకటించిరి. బేతంచెర్ల దాపున బిల్లసర్గము గుహలు కలవు. వానిని రాబర్ట్ బ్రూస్ ఫుట్ 1880 దశకమున త్రవ్వించి ప్రాచీన జంతువుల యెముకలను వెలికి తీసెను. అట్టి మనుష్యులు తిన్న దేమో వారి పళ్ళెములు చూచి చెప్పువారు లేరు గాని, వ్యవసాయము చేయక అడవినే నమ్మి బ్రదికిన జనులను మన తాతలు చూచిరి. ఆళ్ళగడ్డ నుండి అహోబిలము పోవు దారిలో నల్లమల మొదలగును. ఆ అడవులలోని చెంచులు దుంపలు త్రవ్వి, తేనె తీసి, పండ్లేఱి, వేటాడి జీవించినవారు. హైమెన్‌డార్ఫ్ అను పండితుడు వారిని గూర్చి వ్రాసిన గ్రంథము 1943లో వెలువడినది. అహోబిల నృసింహస్వామి చెంచులక్ష్మిని పెండ్లాడినట్లు జనులు చెప్పుకొను కథ అందఱు నెఱిగినదే. దేవుని అత్తవారింటి భోజనమున నాగలి ప్రసక్తి లేదన్నమాట.

మన శాస్త్రములును ఈ భావము నెఱుగనివి కావు. వానప్రస్థుడు నాగటిచాలున పండినది తినరాదని మనువు చెప్పెను. ఋషిపంచమీ వ్రతమున దున్నని భూమిలో పుట్టినదియే భుజింపవలెనను నియమము కలదు. ఏకాదశినాడు ధాన్యము విడిచి దుంపలతో పండ్లతో గడుపు ఇండ్లు నేటికిని కలవు. అందుచేత నేను పేలియోకు 'అఫాలకృష్ట భోజన'మని పేరు పెట్టితిని. మా కోడలు అది నోరు తిరుగదన్నది. అప్పుడు 'నాగలి తాకని విందు' అంటిని.

పేరు ముచ్చటగా నున్నంత మాత్రమున దానిలోని దంతయు నిజమని మీరనుకొనరాదు. ఆదిమానవుడు ధాన్యము ముట్టనే లేదనుట సరికాదు. ఇటలీలో దొరకిన 30,000 యేండ్ల నాటి నూరుడు రాళ్ళపై పిండిపదార్థపు రేణువులు కనబడినవి. మఱియు మనము నేడు కొను బెండకాయ, దోసకాయ, కోసు అన్నియు రైతు చేతిలో వేల యేండ్లు మాఱి వచ్చినవే. నాగలి వానిని తాకినది. మన ఆయుర్వేదమును ధాన్యమును వర్జింపలేదు. వసంతమున కఫము కరగునని, తేలికైన ఆహారము తినవలెనని చెప్పిన వాగ్భటుడు పాత యవలను గోధుమలను ఆ ఋతువున తినదగిన వానిలో చేర్చెను. కావున నేను ఈ విధానమును మతముగా స్వీకరింపలేదు. రాత్రి భోజనమునుండి పిండిపదార్థమును తగ్గించుటకు ఒక అనువైన కట్టుబాటుగా మాత్రము తీసికొంటిని. పాశ్చాత్యులు దీనిలో మాంసమునకు పెద్దపీట వేయుదురు. మా యింట అది లేదు. తినువారు ఇదే వంటలో నాటుకోడినో, రొయ్యలనో చేర్చుకొనవచ్చును. లూయిజియానాలో రొయ్యలు లేని విందు అరుదు.

కట్టుబాటులో మా సీమవారికి మిక్కిలి కష్టమైన దేది? అన్నము విడుచుట కాదు, బుడ్డలు విడుచుట. వేరుసెనగ నేలలో కాచినను గింజను బట్టి అది పప్పుజాతిదే. కావున బుడ్డల నూనె, బుడ్డల పొడి, ఊరిబిండి అన్నియు పోవును. వాని స్థానమున నువ్వులు నిలిచినవి. గానుగ నువ్వులనూనె మనకును కొరియావారికిని సమానముగా ప్రియమైనది. వారు వేయించిన నువ్వులనుండి నూనె తీయుదురు గనుక దాని వాసన ఘాటు. మనము పచ్చినూనె వాడి, పైన వేయించిన నువ్వులు నలిపి చల్లినచో ఆ వాసన చాల వఱకు వచ్చును.

ఇపుడు క్రియోల్ సంగతి. పోర్చుగీసు, స్పానిషు భాషలలో ఆ మాటకు 'ఇక్కడనే పుట్టి పెరిగినది' యని భావము. 1718లో ఫ్రెంచివారు స్థాపించిన న్యూ ఆర్లియన్స్ నగరము పిదప కొంతకాలము స్పెయిను చేతిలో నుండెను. బానిసలుగా కొనిపోబడిన ఆఫ్రికా జనులు, అక్కడి ఆదివాసులు, ఈ దొరలు అందఱి వంటలు కలిసి అక్కడ ఒక కొత్త వంట పుట్టినది. దానికి శిరోమణి 'గంబో' యను చిక్కని పులుసు. ఆ పేరు మధ్య ఆఫ్రికా భాషలలో బెండకాయకు గల పేరునుండి వచ్చినది. బెండకాయ జిగురే దానిని చిక్కపఱచునది. సంకెళ్ళతో ఓడలలో తేబడిన వారి కూరగాయ పేరు నేడొక మహానగరపు కీర్తియైనది.

గంబోలో ఒకటి 'గంబో జెర్బ్', అనగా ఆకుకూరల గంబో. క్రైస్తవులు ఈస్టరు పండుగకు ముందు ఉపవాసదినములలో, సరిగా మన వసంతమున, దీనిని వండుదురు. లియా చేజ్ అను ప్రసిద్ధ వంటగత్తె (1923–2019) తన భోజనశాలలో పవిత్ర గురువారమునాడు తొమ్మిది ఆకులతో దీనిని వండి పెట్టుచుండెను. ఆకుల సంఖ్య బేసిగా నుండవలెనట. ఎన్ని యాకులో అంతమంది కొత్త స్నేహితులు దొరకుదురట. బేసిసంఖ్య శుభమని నమ్ము మనకు ఇది వింతగా తోచదు.

మేము ఏడాకులు తీసికొంటిమి: తోటకూర, పాలకూర, మెంతికూర, మునగాకు, ముల్లంగి ఆకు, చుక్కకూర, చింతచిగురు. ఒక్కొక్కటి ఒక చిన్న కట్ట. చింతచిగురు రెండు గుప్పిళ్ళు. చైత్రమున చింతచెట్లు చిగిర్చునపుడు తప్ప ఈ గంబో ఈ రుచితో రాదు. ఆఱుగురికి లేత బెండకాయలు 400 గ్రాములు, పెద్ద ఎఱ్ఱగడ్డలు మూడు, సిమ్లా మిరపకాయలు రెండు, వెల్లుల్లి రెబ్బలు ఎనిమిది కావలెను. ఎఱ్ఱగడ్డ, సిమ్లా మిరప, సెలరీ అను కాడకూర, ఈ మూడింటిని అక్కడివారు భక్తితో 'త్రిమూర్తు'లవలె చూతురు. సెలరీ మా సంతలో దొరకదు. కొత్తిమీర కాడలు గుప్పెడు, వాము ఆకులు నాలుగు సన్నగా తఱిగి వేసితిమి. కుమార్తె రుచి చూచి సరియన్నది.

అక్కడివారు సాధారణముగా గోధుమపిండిని క్రొవ్వులో ఎఱ్ఱగా వేయించి గంబోకు రంగును చిక్కదనమును తెత్తురు. మన కట్టుబాటు దానినంగీకరింపదు. రంగుకు ఎఱ్ఱగడ్డయే గతి. ఐదు చెంచాల నువ్వులనూనెలో సన్నగా తఱిగిన ఎఱ్ఱగడ్డను చిన్నమంటపై పావుగంట తక్కువగాకుండ వేయింపవలెను; అది బెల్లపు రంగు వచ్చు వఱకు ఓపిక పట్టవలెను. పెద్దమంట పెట్టినచో అంచులు మాడి చేదగును. పిదప తక్కిన ఇద్దఱు మూర్తులను, దంచిన వెల్లుల్లిని, మిరియాల పొడిని, కొంచెము కారమును వేసి, బెండకాయలలో సగము చక్రములుగా కోసి చేర్చవలెను.

ఇక్కడ మన యింటి ఇల్లాండ్ర చేయి తడబడును. బెండకాయ వేపుడులో జిగురు పోవుటకు మనము పడు పాట్లు మీకు తెలియును: కడిగి తుడిచి ఆరబెట్టుదుము, మూతపెట్టము, చివరగాని ఉప్పు వేయము. గంబోకు ఇదంతయు విరుద్ధము. జిగురే కావలెను గనుక ఆఱు గ్లాసుల నీరు పోసి మూతపెట్టి ఇరువది నిమిషములు ఉడికింపవలెను. పులుపు తగిలినచో జిగురు విఱిగిపోవును. బెండకాయ పులుసులో చింతపండు వేయుటలోని రహస్యమిదియే. కావున చుక్కకూరను, చింతచిగురును ప్రక్కన పెట్టి, తక్కిన ఐదాకులను వేసి పావుగంట ఉడికించి, పప్పుగుత్తితో సగము నలుపవలెను. పప్పు లేనినాడు పప్పుగుత్తికి ఇంతకన్న పని యేమున్నది! చివరి ఐదు నిమిషములలో పుల్లాకులను వేసి దింపవలెను. మిగిలిన సగము బెండకాయలను మన పద్ధతినే కరకరలాడ వేయించి వడ్డించునపుడు పైన చల్లితిమి. ఒకే కాయ ఒకే గిన్నెలో అమెరికా పద్ధతిని, నంద్యాల పద్ధతిని చూపినది.

క్రియోలు వారు గంబోను అన్నముపై పోసికొందురు. కొరియావారు అన్నము లేక ముద్ద ఎత్తరు. మనము సరేసరి. మూడును అన్నము తిను వంటిండ్లే. మూడింటినుండియు అన్నమును తీసివేసి విందు కూర్చవలెను. పాశ్చాత్య దేశములలో కొందఱు కోసుపువ్వును తురిమి ఉడికించి దానిని అన్నమని పిలుచుకొందురు. నాకది నచ్చలేదు. తండ్రి పటమునకు నమస్కరించి తండ్రి వచ్చెననుట వంటిది. లేనిదానిని లేదనియే చెప్పి, నోటికి చేతికి వేఱు పని కల్పించుట మేలు. ఆ నేర్పు కొరియావారి వద్ద కలదు.

వారు కూరలను, కాల్చిన ముక్కలను ఒక ఆకులో చుట్టి ఒక్క ముద్దగా నోటబెట్టుకొందురు. దీనిని 'సామ్' అందురు. మన కిళ్ళీ కట్టుట వంటిదే. మేము కోసుగడ్డ ఆకులను విడదీసి, ఐదు నిమిషములు ఆవిరిపై ఉంచి మెత్తబఱచితిమి. అన్నపుముద్ద కలుపుటకు అలవాటుపడిన వ్రేళ్ళు ఆకు చుట్టుటలో నిమగ్నమైనవి. ఇందు చాల సూక్ష్మమున్నది: చుట్టి తినువాడు నెమ్మదిగా తినును, నెమ్మదిగా తినువాడు తక్కువ తినును.

ఆకులో పెట్టుటకు కందగడ్డ. అరకిలో కందను చేతికి నూనె రాచికొని చెక్కు తీసి, పలుచని ముక్కలుగా కోసి, చింతపండు, ఉప్పు వేసిన నీటిలో పది నిమిషములు ఉడికించితిమి. కందలో సూదులవంటి స్ఫటికములుండుటచే గొంతు దురద పెట్టును. పులుపు ఆ దురదను అణచును. పిదప మిరియము, కారము, వెల్లుల్లి, వాము కలిపి నూరి ముక్కలకు పట్టించి, బాగుగా కాలిన ఇనుప పెనముపై నల్లని మచ్చలు పడు వఱకు కాల్చితిమి. ఈ విధముగా మసాలా నల్లబడునట్లు కాల్చుటను 1980 దశకమున పాల్ ప్రుడోమ్ అను లూయిజియానా వంటవాడు చేపపై చేసి ప్రసిద్ధుడయ్యెను. వారు వాడునది థైమ్ అను ఆకు. దాని వాసనకు మూలమైన థైమాల్ అను పదార్థమే మన వాములోను ఉన్నది. కావున వాము వేయుట సర్దుబాటు కాదు, బంధుత్వము. కంద పిండిపదార్థము గలదే. మధుమేహము గలవారు నాలుగైదు పలుచని ముక్కలతో ఆపవలెను.

ఆకుపై పూయుటకు కొరియావారు సోయా, బియ్యపు పిండి కలిసిన ముద్దలను వాడుదురు. సోయా పప్పుజాతి; బియ్యము మనము విడిచినదే. వానికి బదులు వేయించిన నువ్వులు, ఎండుమిరప, వెల్లుల్లి, చింతపండు రోటిలో దంచితిమి. మా రోలు ఆళ్ళగడ్డనుండి తెచ్చినది. ఆళ్ళగడ్డ శిల్పులు దేవతామూర్తులను చెక్కుటలో పేరుపొందినవారు. రాతియుగపు భోజనమునకు రాతిపని ఊరినుండి రోలు వచ్చుట తగియున్నదని నేనంటిని. ఎవ్వరును నవ్వలేదు.

కొరియాలో వసంతము రాగానే పొలముగట్లపై, కొండవాలులలో లేతాకులు ఏఱి 'నముల్' చేయుదురు. మా పొన్నగంటికూర దానికి చక్కగా సరిపడినది. మరుగు నీటిలో ఒక్క నిమిషము ముంచి, వెంటనే చన్నీటిలో వేసి, గట్టిగా పిండి, ఉప్పు, నలిపిన వెల్లుల్లి, రెండు చెంచాల నువ్వులనూనె, నువ్వులు కలుపుటతో పని ముగియును. తిరగవాత లేదు, కారము లేదు. నా సహధర్మచారిణి మొదట "ఇది వంట యెట్లగును?" అని అడిగి, అందఱికన్న ఎక్కువ దీనినే తినినది.

ఇక కిమ్చి. కిమ్చియన్నంతనే ఎఱ్ఱని కారము తలపునకు వచ్చును గాని, ఆ యెఱుపు కొరియాకు కొత్తది. మిరప అమెరికా ఖండపు మొక్క. పోర్చుగీసువారి ఓడలలో 16వ శతాబ్దమున మన దేశము చేరినది. కొరియాలో 1614 నాటి ఒక గ్రంథమున దాని ప్రస్తావన కనబడును. మన తాతముత్తాతలును, వారి తాతముత్తాతలును అంతకు ముందు మిరియముతోనే కారము తీర్చుకొనిరి. మిరప లేని కర్నూలు వంటను, మిరప లేని కిమ్చిని నేడెవ్వరు ఊహింపగలరు?

వసంతకాలపు దోసకాయ కిమ్చిని వారు మన గుత్తివంకాయవలెనే చేయుదురు. ఆఱు లేత కీరదోసకాయలను తొడిమ వైపు విడిపోకుండ నిలువున నాలుగు చీలికలు చేసి, ఉప్పు రాచి అరగంట ఉంచి, ఊరిన నీటిని వంచివేయవలెను. లోపల కూరుటకు ముల్లంగి తురుము, ఉల్లికాడలు, అల్లము, వెల్లుల్లి, కారము. వారు చేపరసము, బియ్యపు గంజి వేయుదురు. మేము వానికి మారుగా లేత బనగానపల్లె మామిడి తురుము వేసితిమి. పండైన పిదప లోకప్రసిద్ధమైన ఆ మామిడి, పిందెగా నున్నపుడు చేయు మేలు మనకే తెలియును. మన కారము వారి కారము కన్న తీవ్రము. రంగు ఎక్కువ, ఘాటు తక్కువ గల బ్యాడిగి మిరపను గింజలు దులిపి బరకగా దంచి వాడవలెను.

కిమ్చికిని మన ఆవకాయకును భేద మిక్కడ చెప్పదగును. ఆవకాయలో ఉప్పు, నూనె, ఆవపిండి దట్టముగా నుండి సూక్ష్మజీవులను అడగద్రొక్కును. అందుచే అది ఏడాది నిలుచును. కిమ్చిలో ఉప్పు నూటికి రెండు మూడు పాళ్ళే. చెడు చేయు జీవులను ఆపునంత ఉండి, పులియబెట్టు మంచి జీవులను బ్రదుకనిచ్చును. మజ్జిగ తోడుకొనునట్లే అది పులియును. కొరియా చలిలో వారములు పట్టు పని మా నంద్యాల యెండలో ఒక్క దినమున ముగియును. అందుచే మేము పులియనీయక, చేసిన సాయంకాలమే తింటిమి. వారిలోను అట్లు పచ్చిగా తినువాడుక కలదు. రక్తపుపోటు గలవారు కిమ్చిని ఒక ముక్కకు మించి తినరాదు. ఉప్పు తక్కువయని చెప్పినను ఉప్పు ఉప్పే.

విస్తరిలో వడ్డన ఇట్లు సాగినది: ఎడమవైపు కోసు ఆకులు, నడుమ దొప్పలో గంబో, చుట్టును నముల్, కంద, కిమ్చి, నువ్వుల ముద్ద. నేను నేతిలో గాక నువ్వులనూనెలో వేయించిన వేపపువ్వును కొంచెము చేర్చితిని. ఇది ఏ దేశపు వంటలోను లేదు, ఉగాది దినములు గనుక నా పట్టుదల. మా పెద్దమనుమడు మొదటి ఆకును చుట్టి నాయనమ్మకు అందించినాడు. ఆమె పంక్తిలో నా కుడిప్రక్కను కూర్చుండి తినినది. రెండు గంటల పిదప వ్రేలు పొడిచికొని రక్తములో చక్కెర చూచుకొనినది. ఆ సంఖ్యను నేను మీకు చెప్పను. ఒక యింటి ఒక రాత్రి సంఖ్య శాస్త్రము కాజాలదు.

ఒక్క హెచ్చరిక మాత్రము మఱవకుడు. మధుమేహమునకు మాత్రలుగాని, ఇన్సులిన్ సూదిమందుగాని తీసికొనువారు ఈ ప్రసంగము విని ఒక్క రాత్రిలో అన్నము మానరాదు. మందు యథాప్రకారము తీసికొని పిండిపదార్థము మానినచో రక్తములో చక్కెర మితిమీఱి తగ్గును. చెమట, వణకు, స్పృహ తప్పుట కలుగును. వైద్యునికి చెప్పి, మందు మోతాదు సరిచూచుకొని పిదప ఆరంభింపవలెను. మాత్రలుగాని, ఇన్సులిన్ గాని వాడనివారికి ఈ చిక్కు లేదు. మూత్రపిండముల వ్యాధి గలవారు ఇన్ని ఆకుకూరలను ఒక్కసారిగా తినుటకు ముందు అడిగి తెలిసికొనవలెను.

ఇక ఖర్చు. ఈ విందుకైన దినుసులలో సిమ్లా మిరప తప్ప ఖరీదైనది లేదు. అదియు దొరకనిచో బజ్జీ మిరపకాయల గింజలు తీసి వాడవచ్చును. చింతచిగురు ముదిరిన తరువాత గోంగూర వేయవచ్చును. గంబో మిగిలినచో మఱునాటి ఉదయమునకు ఇంకను చిక్కబడి రుచి పెఱుగును. అపుడు ధాన్యము తినదగినవారు జొన్నరొట్టెతో తినవచ్చును, మా కుమారుడట్లే తినినాడు. కిమ్చిని మాత్రము వెలుపల ఉంచరాదు. గాజుసీసాలో వేసి, మూత కొంచెము వదులుగా పెట్టి, శీతలపేటికలో ఉంచినచో నాలుగైదు దినములు నిలుచును.